ప్లగ్ పట్టింది, మరి పాటలో ఈ కీచు ఎక్కడిది?

పెద్ద టూరింగ్ బైకుల్లో స్టీరియో ఉండటం నిన్నమొన్నటి సంగతి కాదు. 1988లో వచ్చిన హోండా గోల్డ్‌వింగ్ జీఎల్1500లోనే రేడియో, క్యాసెట్ ప్లేయర్, హెల్మెట్ హెడ్‌సెట్ తగిలించుకోవడానికి గుండ్రటి 5 పిన్నుల సాకెట్ ఉండేవి. 2001 మోడల్‌గా జీఎల్1800 వచ్చేసరికి క్యాసెట్ పోయి సీడీ ఛేంజర్ వచ్చింది, అదీ కావాలన్నవాళ్ళకి అదనపు సామానుగా. అదే ఏడాది అక్టోబర్ 23న యాపిల్ మొదటి ఐపాడ్‌ను బయటపెట్టింది. వెయ్యి పాటలు జేబులో పట్టే డబ్బా చేతికొచ్చాక ఛేంజర్‌లోని ఆరు సీడీలు ఎవరికి ఆనుతాయి? ఉన్న బైకు స్టీరియోలోంచే ఈ కొత్త ప్లేయర్ పాటలు వినాలన్న తాపత్రయం అప్పుడు మొదలైంది, ఇప్పటికీ నడుస్తూనే ఉంది.

బైకు పది, పదిహేనేళ్ళు చక్కగా నడుస్తుంది. ప్లేయరో ఫోనో రెండు మూడేళ్ళకి మారిపోతుంది. బైకు ఆడియో పెట్టెని తయారుచేసినవాళ్ళకి, అప్పటికింకా పుట్టని ఫోన్ ఎలా ఉంటుందో తెలిసే అవకాశమే లేదు. మధ్యలో అతుకు వేసే పని యజమానిదే అవుతుంది. అమెరికాలో పాత గోల్డ్‌వింగ్‌ని సెకండ్ హ్యాండ్‌లో కొన్న మనవాళ్ళకీ ఇదే తంటా, ఇక్కడ స్కూటర్‌కి చిన్న ఆంప్లిఫయర్ బిగించుకున్న కుర్రాడికీ ఇదే తంటా.

చూడటానికి ఒక వైరు తగిలిస్తే అయిపోయే పని. కానీ ఆ వైరు మీద నాలుగు పనులు ఆధారపడి ఉన్నాయి. పాట తాలూకు సిగ్నల్ బైకు ఆంప్లిఫయర్‌కి చేరాలి. ప్లేయర్‌కి చార్జింగ్ అందాలి. రెండు పరికరాల ఎర్త్ కలవాలి. హ్యాండిల్ మీద బటన్ నొక్కితే తర్వాతి పాటకి వెళ్ళమన్న కబురు ప్లేయర్‌కి అందాలి. ఒకటి సరిచేస్తే ఇంకోటి చెడటం ఇక్కడ మామూలే. అందుకే దుకాణంలో దొరికిన ప్రతి కేబుల్ కొని ప్రయత్నించేవాళ్ళు అంతగా విసిగిపోతారు. నేను చూసినంతలో చాలా చిక్కులకి మూలం పాటను తెచ్చే వైరు కాదు, చార్జింగ్ వైరు. అందరూ మార్చి చూసేది మాత్రం పాట వైరునే.

ఎంత గట్టిగా పంపాలి

ముందు తేలికైన సంగతి చూద్దాం. బైకు ఆక్స్ సాకెట్, అంటే బయటి ప్లేయర్ వైరు గుచ్చే రంధ్రం, ఎదురుచూసేది లైన్ లెవెల్ సిగ్నల్. ఇంట్లో వాడే ఆడియో పరికరాల లెక్కలో అది సుమారు 0.316 వోల్టులు. ప్లేయర్‌లోని హెడ్‌ఫోన్ సాకెట్ పంపేది చెవిలోని స్పీకర్‌ని నడపడానికి తయారైన సిగ్నల్. వాల్యూమ్ తగ్గిస్తే అందులో దాదాపు ఏమీ ఉండదు, పూర్తిగా పెంచితే ఒక వోల్టు దాకా పోవచ్చు.

చాలామంది ప్లేయర్ వాల్యూమ్ సగంలో ఉంచి బైకు వాల్యూమ్‌ని చివరిదాకా తిప్పేస్తారు. అప్పుడు బైకు ఆంప్లిఫయర్ పాటతో పాటు దారిలో చేరిన రొదని కూడా అంతే శ్రద్ధగా పెంచిపెడుతుంది. దీనికి తిరగేసి చేయాలి. ప్లేయర్ వాల్యూమ్ 80 శాతం దగ్గర స్థిరంగా ఉంచి, ఇక మీదట హెచ్చుతగ్గులన్నీ బైకు బటన్లతోనే చేసుకోవాలి. పూర్తిగా పెట్టొద్దనడానికి కారణం ఉంది. బాస్ ఎక్కువగా ఉన్న పాట వచ్చినప్పుడు సిగ్నల్ కొసలు తెగి గరగరమంటుంది. ప్లేయర్‌లో ఈక్వలైజర్‌తో బాస్ పెంచి ఉంటే ఇది ఇంకా త్వరగా జరుగుతుంది. ఈక్వలైజర్‌ని ఒకచోటే వాడండి, అదీ బైకులోనే.

2003 ఏప్రిల్‌లో మూడో తరం ఐపాడ్‌తో వచ్చిన 30 పిన్నుల సాకెట్‌లో ఈ బాధ లేదు. అందులో వాల్యూమ్‌తో సంబంధం లేకుండా ఎప్పుడూ ఒకే స్థాయిలో బయటికి వచ్చే లైన్ అవుట్ పిన్నులు వేరుగా ఉండేవి. ఆ రోజుల్లో గోల్డ్‌వింగ్ యజమానులు ఒకవైపు డిన్ అనే 5 పిన్నుల గుండ్రటి ప్లగ్, ఇంకోవైపు 3.5 మిల్లీమీటర్ల ప్లగ్ ఉన్న కేబుల్ కొనుక్కునేవారు. కాస్త తెలిసినవాళ్ళు ఆ రెండో వైపు ఐపాడ్ కింది సాకెట్‌కి పట్టేలా చేయించుకునేవారు. 2012లో లైట్నింగ్ వచ్చాక ఆ అనలాగ్ పిన్నులే లేకుండా పోయాయి. 2016లో ఐఫోన్ 7తో హెడ్‌ఫోన్ రంధ్రమూ పోయింది. ఇప్పుడు వాడే చిన్న తెల్ల అడాప్టర్‌లో డిజిటల్‌ని అనలాగ్‌గా మార్చే చిప్ ఉంటుంది. అది కూడా హెడ్‌ఫోన్ కోసం చేసిందే కాబట్టి పైన చెప్పిన 80 శాతం మాట దానికీ వర్తిస్తుంది.

రేజ్ ఇస్తే హెచ్చే కీచు

ఇక అసలు సంగతికి వద్దాం. ఆక్స్ కేబుల్ పెట్టారు, పాట బాగుంది. దారి పొడవునా ఫోన్ నిలవాలని హ్యాండిల్ దగ్గరి యూఎస్‌బీ చార్జర్ కూడా తగిలించారు. వెంటనే పాట వెనకాల సన్నని కీచు మొదలైంది. రేజ్ ఇస్తే దాని శ్రుతి పెరుగుతుంది, వదిలేస్తే దిగుతుంది. చార్జర్ పీకేస్తే మాయం. ఇలా జరిగిందంటే రోగం తేలిపోయినట్టే. దాన్ని గ్రౌండ్ లూప్ అంటారు. కేబుల్ ఎంత ఖరీదైనది కొన్నా ఇది పోదు.

ఆ కీచు పుట్టేది ఇంజిన్‌తో తిరుగుతూ కరెంట్ పుట్టించే ఆల్టర్నేటర్‌లో. అది తయారుచేసేది ఏసీ కరెంట్, రెక్టిఫైయర్ దాన్ని డీసీగా మారుస్తుంది. ఆ డీసీ పూర్తిగా చదునుగా ఉండదు, మీద చిన్న చిన్న అలలు మిగిలిపోతాయి. ఒక ఉదాహరణ లెక్క వేద్దాం. ఇంజిన్‌తో సమానంగా తిరిగే, 12 ధ్రువాలున్న త్రీ ఫేజ్ ఆల్టర్నేటర్ అనుకుందాం. ఒక్క చుట్టుకి 6 సైకిళ్ళు, ఒక్కో సైకిల్‌కి 6 అలలు, వెరసి చుట్టుకి 36. ఇంజిన్ 3000 ఆర్‌పీఎమ్ మీద ఉంటే సెకనుకి 50 చుట్లు. 36ని 50తో గుణిస్తే 1800 హెర్ట్జ్. 4000 ఆర్‌పీఎమ్‌కి అదే 2400 అవుతుంది. మనిషి చెవి ఎక్కువ చురుగ్గా ఉండేది 2000 నుంచి 5000 హెర్ట్జ్ మధ్య. హైవే మీద మనం నడిపే వేగంలో ఆ కీచు సరిగ్గా మన చెవి గుమ్మంలోనే నిలబడుతుంది. అందుకే అంత చిన్న శబ్దం అంత చిరాకు పెడుతుంది.

ఆ అలలు పాటలోకి దూరేది ఎర్త్ వైరు ద్వారా. మామూలు 12 వోల్టుల నుంచి 5 వోల్టులకి దించే చార్జర్‌లో లోపలి నెగెటివ్, బయటి నెగెటివ్ ఒకటే తీగ. కాబట్టి చార్జర్ పెట్టగానే ఫోన్ ఎర్త్ బైకు బాడీకి కలుస్తుంది. ఆక్స్ కేబుల్ ద్వారా అదే ఎర్త్ అప్పటికే స్టీరియోకి కలిసి ఉంది. బైకు బాడీకి రెండు దారులు ఏర్పడ్డాయి కదా, చార్జింగ్ కరెంట్ తిరిగి పోయేటప్పుడు తన దారిలోనే మొత్తం పోదు, కొంత ఆడియో కేబుల్ ఎర్త్ మీదుగా పోతుంది. ఒకే పైపు మీద రెండు వాటాల కుళాయిలు ఉంటే కింది వాటాలో నీళ్ళు వదిలినప్పుడల్లా పై వాటాలో ధార సన్నబడుతుంది. ఇక్కడా అంతే. సిగ్నల్‌కి కొలమానంగా ఉండాల్సిన తీగ మీద వేరే కరెంట్ పారి ఆ కొలమానాన్నే ఊపేస్తుంది.

ఊపు ఎంతో కూడా చూడండి. ఆడియో ఎర్త్ దారిలో ఒక ఆంపియర్ పారిందనుకుందాం. ఆ దారి రెసిస్టెన్స్ ఓమ్‌లో నూరో వంతే అనుకున్నా 10 మిల్లీవోల్టులు పుడతాయి. మన పాట 316 మిల్లీవోల్టులు. తేడా 30 డెసిబెల్స్. జోరుగా డప్పులు మోగే పాటలో ఇది అణగిపోవచ్చు. వీణ ఆలాపన మంద్రస్థాయిలో నెమ్మదిగా నడుస్తున్నప్పుడు మాత్రం కీచు, వీణ పక్కపక్కనే కూర్చుంటాయి. కనెక్టర్ తుప్పు పట్టి రెసిస్టెన్స్ పెరిగితే కీచు ఇంకా పెరుగుతుంది. వానల్లో తిరిగిన పాత బైకుల్లో ఇదే ఎక్కువ, అందుకని ఏమీ కొనకముందే బ్యాటరీ నెగెటివ్ టెర్మినల్, ఫ్రేమ్ ఎర్త్ బోల్టు విప్పి గీకి బిగించడం మంచి మెకానిక్ చేసే మొదటి పని.

రొదలన్నీ దీని చుట్టాలు కావు, వాటిని వేరుచేసి వినాలి. ఇంజిన్ ఆపి కీ మాత్రం ఆన్ చేసినా సన్నగా బుస్సుమంటూ ఒకే శ్రుతిలో వస్తుంటే అది చౌక చార్జర్ లోపలి స్విచింగ్ రొద, ఆల్టర్నేటర్ పాపం ఏమీ లేదు, చార్జర్ మార్చేయండి. కీచు కాకుండా టిక్ టిక్‌మని ఇంజిన్‌తో పాటు వేగం పుంజుకుంటుంటే స్పార్క్ ప్లగ్‌ని అనుమానించాలి. ఎన్‌జీకే కంపెనీ ప్లగ్ నంబరులో ఆర్ అనే అక్షరం ఉందో లేదో చూడండి. ఆ అక్షరం లోపల రెసిస్టర్ ఉందని చెప్పే గుర్తు. అది లేని ప్లగ్ వేసినప్పుడు రేడియోలోనూ అదే టిక్ టిక్ వినబడుతుంది.

గ్రౌండ్ లూప్‌ని తెంచడానికి దారులున్నాయి. ఖర్చు లేనిది పవర్ బ్యాంక్. ఫోన్‌కి చార్జింగ్ బైకు నుంచి కాకుండా ట్యాంక్ బ్యాగ్‌లోని పవర్ బ్యాంక్ నుంచి ఇస్తే రెండో దారే ఉండదు. నన్ను అడిగితే ఒకరోజు ప్రయాణాలకి ఇదే చాలు. శాశ్వతంగా కావాలంటే ఆక్స్ కేబుల్ మధ్యలో గ్రౌండ్ లూప్ ఐసొలేటర్ అనే అగ్గిపెట్టె అంత డబ్బా పెట్టుకోవచ్చు. అందులో ఉండేవి రెండు చిన్న ట్రాన్స్‌ఫార్మర్లు, ఎడమకొకటి, కుడికొకటి. పాట అయస్కాంత క్షేత్రం మీదుగా దాటుతుంది, తీగ మాత్రం అవతలికి కలవదు. చౌకరకంలో ట్రాన్స్‌ఫార్మర్ కోర్ మరీ చిన్నది కావడంతో మృదంగం తొప్పి వైపు గుమ్కి పలచబడిపోతుంది. కొంచెం డబ్బు పెట్టదగిన చోటు ఇదే. మూడో దారి, చార్జర్‌నే ఐసొలేటెడ్ రకం పెట్టుకోవడం. దాని లోపల బైకు నెగెటివ్‌కి, ఫోన్ నెగెటివ్‌కి తీగ సంబంధం ఉండదు. మామూలు దుకాణంలో దొరకదు, ఎలక్ట్రానిక్ విడిభాగాలు అమ్మేచోట ఐసొలేటెడ్ డీసీ డీసీ కన్వర్టర్ అని అడగాలి.

పాతకాలపు క్యాసెట్ అడాప్టర్‌కి ఈ జబ్బు రాకపోవడం గమనించదగ్గ విషయం. క్యాసెట్ ఆకారంలో ఉండి తోక లాంటి వైరు వేలాడే ఆ డబ్బాలో ఒక చిన్న హెడ్ ఉంటుంది. అది టేప్ ప్లేయర్ హెడ్‌కి ఎదురుగా నిలబడి అయస్కాంతంగానే పాట అందిస్తుంది. అంటే పుట్టుకతోనే ఐసొలేటర్. జీఎల్1500 క్యాసెట్ డెక్ ఇంకా పనిచేస్తుంటే దాన్ని తీసిపారేయకండి. గేర్ల గరగర కొంచెం ఉన్నా, ఆ బైకులో కీచు లేకుండా ఫోన్ పాట వినడానికి అది నిజంగా మంచి దారి.

బ్లూటూత్ రిసీవర్ కొన్నవాళ్ళు ఇక్కడ బాగా ఆశ్చర్యపోతారు. ఆక్స్ సాకెట్‌లో గుచ్చే చిన్న బ్లూటూత్ ముక్క కొని, ఇక వైరే లేదు కదా కీచు ఎలా వస్తుంది అనుకుంటారు. ఆ ముక్కకి కరెంట్ ఎక్కడినుంచి వస్తోందో చూడండి. దాన్ని బైకు యూఎస్‌బీ చార్జర్‌కి తగిలించి ఉంటే ఫోన్ బదులు ఆ ముక్క చుట్టూ అదే లూప్ తయారైంది. సొంత బ్యాటరీ మీద నడిపితే పోతుంది.

పాట వస్తుంది, గాయకుడు రాడు

ఇంకో వింత ఫిర్యాదు ఉంది. వయొలిన్లు వినిపిస్తాయి, కోరస్ దూరంగా వినిపిస్తుంది, పాడేవాళ్ళ గొంతు మాత్రం నూతిలోంచి వచ్చినట్టు ఉంటుంది, లేదా అసలు ఉండదు. ఫైలు పాడైందేమోనని పాటలన్నీ మళ్ళీ ఎక్కించుకున్నవాళ్ళున్నారు. తప్పు ఫైలులో లేదు, ఎర్త్ తెగింది.

స్టీరియో పాటలో గాయకుడి గొంతుని సాధారణంగా మధ్యలో ఉంచుతారు, అంటే ఎడమ, కుడి రెండింట్లోనూ సమానంగా. ఎర్త్ తెగినప్పుడు ఆంప్లిఫయర్‌కి చేరేది ఎడమ, కుడి సిగ్నళ్ళ తేడా మాత్రమే. రెండువైపులా సమానంగా ఉన్నది తీసివేతలో సున్నా అయిపోతుంది. పక్కలకి సర్దిన వాద్యాలు మిగులుతాయి.

ఎర్త్ ఎందుకు తెగుతుందంటే చాలాసార్లు ప్లగ్ వల్ల. మామూలు స్టీరియో ప్లగ్ మీద రెండు నల్ల గీతలు, మూడు కాంటాక్టులు ఉంటాయి. మైక్ కూడా ఉన్న ఫోన్ హెడ్‌సెట్ ప్లగ్ మీద మూడు గీతలు, నాలుగు కాంటాక్టులు. ఇప్పటి ఫోన్ హెడ్‌సెట్లలో చివరి కాంటాక్ట్ మైక్‌ది, దాని ముందుది ఎర్త్. నాలుగు కాంటాక్టుల కేబుల్‌ని మూడింటి కోసం చేసిన బైకు సాకెట్‌లో గుచ్చితే, సాకెట్ ఎర్త్ అనుకుని పట్టుకున్నది మైక్ కాంటాక్ట్‌ని కావచ్చు. ప్లగ్‌ని కొంచెం బయటికి లాగితే గొంతు తిరిగొస్తే అనుమానమే అక్కర్లేదు. రెండు గీతల ప్లగ్ ఉన్న కేబుల్ కొంటే సరిపోతుంది.

ఈ రెండు జబ్బులూ ఒకేసారి ఉన్నప్పుడు మనిషి నిజంగా తికమకపడతాడు. ఆక్స్ ఎర్త్ తెగి ఉన్న బైకులో చార్జర్ పెట్టగానే గొంతు తిరిగి వచ్చేస్తుంది, కూడా కీచును వెంటబెట్టుకుని. తెగిన ఎర్త్‌కి చార్జర్ నెగెటివ్ దొడ్డిదారి చూపించింది కాబట్టి. చార్జర్ ఉంటేనే పాట బాగుంటుందని నమ్మి, కీచుని భరించేవాళ్ళు ఉంటారు. ముందు కేబుల్ మార్చి గొంతు రప్పించాలి, తర్వాతే కీచు పని పట్టాలి. ఈ వరస తప్పితే ఎంతకీ తెమలదు.

ఒకే సాకెట్, వేర్వేరు భాషలు

ఆక్స్ రోజుల్లో సమస్యలన్నీ కరెంట్ తీగలవి. యూఎస్‌బీ వచ్చాక మాటల సమస్యలు మొదలయ్యాయి. గోల్డ్‌వింగ్‌లో ఐపాడ్, యూఎస్‌బీ కనెక్షన్ 2012 మోడల్‌తో వచ్చింది. పెన్‌డ్రైవ్ పెడితే చదువుతుంది, ఐపాడ్ పెడితే పాటల పట్టీ బైకు తెర మీద కనిపిస్తుంది. అలాంటి బైకులోనే ఆండ్రాయిడ్ ఫోన్ పెడితే చార్జ్ అవుతుంది, పాటలు కనబడవు. బైకు చదవగలిగేది పెన్‌డ్రైవ్ లాంటి నిల్వని. మొదట్లో ఆండ్రాయిడ్ ఫోన్లు కేబుల్ పెడితే అలాగే కనిపించేవి, తర్వాత ఎమ్‌టీపీ అనే వేరే పద్ధతికి మారాయి. ఆ పద్ధతి పాత బైకుకి తెలియదు. అక్కడ ఫోన్‌తో కుస్తీ పట్టడం వృథా, ఫ్యాట్32 పద్ధతిలో ఫార్మాట్ చేసిన చిన్న పెన్‌డ్రైవ్‌లో ఎంపీ3లు వేసుకోవడం మేలు.

30 పిన్నుల కాలంలోనూ ఇలాంటి దెబ్బ ఒకటి తగిలింది. మొదటి ఐపాడ్లు ఫైర్‌వైర్ అనే పాత రకం కనెక్షన్ ద్వారా చార్జ్ అయ్యేవి, దానికి 12 వోల్టులు పనికొచ్చేవి. బైకు బ్యాటరీ కూడా పన్నెండే కాబట్టి బైకులకీ కార్లకీ చేసిన చాలా డాక్ కేబుళ్ళు, అంటే ఐపాడ్ కింది సాకెట్‌కి పట్టే కేబుళ్ళు, ఆ పిన్నుల మీదే చార్జింగ్ ఇచ్చేవి. 2008లో వచ్చిన ఐఫోన్ 3జీ, నాలుగో తరం ఐపాడ్ నానో, రెండో తరం ఐపాడ్ టచ్ ఆ పిన్నుల్ని పట్టించుకోవడం మానేశాయి, యూఎస్‌బీ 5 వోల్టులే తీసుకున్నాయి. ప్లగ్ అదే, అతికినట్టు పడుతుంది, పాట కూడా వస్తుంది, చార్జింగ్ మాత్రం సున్నా. పాత బైకుతో పాటు ఆనాటి డాక్ కేబుల్ కూడా చేతికొచ్చినవాళ్ళు ఈ సంగతి గుర్తుంచుకోవాలి.

2018 గోల్డ్‌వింగ్, ఐఫోన్‌లోని పాటల్ని, మ్యాపుల్ని బైకు తెర మీదికి తెచ్చే యాపిల్ కార్‌ప్లేతో వచ్చిన మొదటి మోటార్‌సైకిల్. ఆండ్రాయిడ్ ఫోన్లకి అదే పని చేసే ఆండ్రాయిడ్ ఆటో 2020లో సాఫ్ట్‌వేర్ అప్‌డేట్‌గా అందింది. ఆ బైకు కొన్నవాళ్ళు షోరూమ్ నుంచి బయటికి రాగానే పడే టెన్షన్ ఏమిటంటే, ఫోన్‌కి కేబుల్ పెట్టినా కార్‌ప్లే గుర్తు వెలగదు. కేబుల్ బాగానే ఉంటుంది, ఫోన్ బాగానే ఉంటుంది. మైక్ ఉన్న హెడ్‌సెట్ ఒకటి బైకుకి కలిసి ఉంటే తప్ప కార్‌ప్లే మొదలవకుండా ఏర్పాటు చేశారు. కార్‌ప్లేని నోటి మాటతో నడపాలి, గాలి హోరులో బైకు మీద బిగించిన మైక్‌కి ఆ మాట వినబడదు. హార్లే డేవిడ్‌సన్ 2019 మోడళ్ళతో తెచ్చిన బూమ్ బాక్స్ జీటీఎస్ అనే ఆడియో సెట్‌లోనూ ఇదే నియమం. స్పీకర్లలో పాట వినడానికి హెల్మెట్‌లో మైక్ ఎందుకని మొదట కోపం వచ్చినా, హ్యాండిల్ మీంచి చెయ్యి తీసి తెరని తడిమే అవసరం తగ్గించే నియమం కాబట్టి నేను దీన్ని సమర్థిస్తాను.

బ్లూటూత్‌లో తెలుసుకోవాల్సింది కొంచెమే. పాట వెళ్ళే దారి వేరు, ఫోన్ కాల్ వెళ్ళే దారి వేరు. పాట దారి స్టీరియో. కాల్ దారి మోనో, పాత పద్ధతిలో అయితే టెలిఫోన్ అంత ఇరుకు. తోటి రైడర్‌తో ఇంటర్‌కామ్ తెరిచి ఉంచినప్పుడు పాట ఒక్కసారిగా ట్రాన్సిస్టర్‌లోంచి వస్తున్నట్టు మారితే హెల్మెట్ సెట్ పాడైందనుకోకండి, పాటని ఇరుకు దారికి మళ్ళించారంతే. ఫోన్‌ని హెల్మెట్‌కీ బైకుకీ రెండింటికీ విడివిడిగా జత చేయడం ఇంకో తప్పు, రెండూ పాట కోసం పోటీపడతాయి. ఫోన్ బైకుకి, బైకు హెల్మెట్‌కి, ఇలా ఒకే వరసలో కలపండి.

ఫోన్ పాటని బైకు రేడియోకి చిన్న స్టేషన్‌లా పంపే ఎఫ్‌ఎమ్ ట్రాన్స్‌మిటర్ని నేను సిఫారసు చేయను. ఖాళీ స్టేషన్ వెతికి పెట్టుకుంటే హైదరాబాద్‌లో బాగానే ఉంటుంది. సూర్యాపేట దాటి విజయవాడ దగ్గరపడేసరికి అదే నంబరు మీద ఇంకో స్టేషన్ ఎక్కి కూర్చుంటుంది. నడుపుతూ ట్యూన్ చేయడం కన్నా ప్రమాదం ఇంకేముంది?

మన బండ్లకి

మనదేశంలో చాలా బైకులకి స్టీరియోనే ఉండదు కాబట్టి ఆంప్లిఫయర్ బోర్డు, రెండు స్పీకర్లు కొని బిగించుకుంటారు. ఇక్కడ కీచు కన్నా ముందు నిప్పు గురించి ఆలోచించాలి. రెండు 20 వాట్ల స్పీకర్లని గట్టిగా మోగిస్తే సుమారు 4 ఆంపియర్లు లాగుతాయి. హారన్ వైరుకో హెడ్‌లైట్ వైరుకో పైతొక్క గీకి మెలితిప్పి టేపు చుడితే ఆ పాత వైరు వేడెక్కుతుంది. బ్యాటరీ పాజిటివ్ నుంచి వేరే వైరు లాగాలి. దానికి 5 ఆంపియర్ల ఫ్యూజ్ పెట్టాలి, అదీ బ్యాటరీకి జానెడు దూరం లోపే. ఫ్యూజ్ కాపాడేది ఆంప్లిఫయర్‌ని కాదు, వైరుని. స్పీకర్ దగ్గర పెడితే, అక్కడిదాకా వచ్చే వైరు ఫ్రేమ్‌కి రాసుకుని తెగినప్పుడు ఆపేవాళ్ళు ఉండరు. ఆంప్లిఫయర్ నెగెటివ్, యూఎస్‌బీ చార్జర్ నెగెటివ్ రెండింటినీ ఒకే బోల్టు మీదికి తెస్తే కీచు చాలావరకు అసలు పుట్టదు. ఎలక్ట్రీషియన్‌కి ఈ ఒక్కటి ముందే చెప్పండి.

కరెంట్ కీ మీదుగానే రావాలి. నేరుగా బ్యాటరీకి కలిపిన చార్జర్, దాని మీద వెలిగే చిన్న వోల్ట్‌మీటర్ కలిపి 20 మిల్లీఆంపియర్లు తాగుతున్నాయనుకోండి. రోజుకి 0.48 ఆంపియర్ అవర్. స్కూటర్ బ్యాటరీ 4 ఆంపియర్ అవర్‌ది అయితే, సంక్రాంతికి బండిని ఊళ్ళో వదిలి వారం తర్వాత వచ్చేసరికి సెల్ఫ్ కొట్టదు. కీ ఆన్ చేస్తేనే పనిచేసే రిలే అనే స్విచ్ ఒకటి పెట్టించుకుంటే ఆ బెంగ ఉండదు.

వాల్యూమ్ విషయంలో నాకు పట్టుదల ఉంది. గంటకి 100 కిలోమీటర్ల వేగంలో హెల్మెట్ లోపల గాలి హోరే దాదాపు 100 డెసిబెల్స్ దగ్గరికి వస్తుంది. అమెరికాలో వృత్తి ఆరోగ్యం చూసే నియోష్ సంస్థ లెక్కలో 85 డెసిబెల్స్‌ని 8 గంటలు భరించవచ్చు, ప్రతి 3 డెసిబెల్స్‌కి ఆ సమయం సగమవుతుంది. 100 డెసిబెల్స్‌కి మిగిలేది 15 నిమిషాలు. పాట వినబడాలంటే ఆ హోరు మీదికి పెంచాలి, అంటే చెవికి ఇంకా తక్కువ సమయం. గాలిని తగ్గించకుండా పాటని పెంచడం చెవిని చేతులారా చెడగొట్టుకోవడమే. సరిగ్గా పట్టే హెల్మెట్, మంచి విండ్‌స్క్రీన్ మీద పెట్టిన డబ్బు స్పీకర్ల మీద పెట్టినదానికన్నా పాటకి ఎక్కువ మేలు చేస్తుంది. సంగీతం ఎంచుకోవడంలోనూ తేడా ఉంది. నెమ్మదిగా మొదలై పైకి వెళ్ళే కచేరీ రికార్డింగుల్లో సగం గాలికి పోతుంది. ఒకే స్థాయిలో సాగే సినిమా పాటలు, మాటల కార్యక్రమాలు బండి మీద బాగా వినబడతాయి.

ప్లేయర్‌ని ఎక్కడ పెట్టాలన్నది చివరికి మిగిలే ప్రశ్న. మొదటి ఐపాడ్లలో తిరిగే హార్డ్ డిస్క్ ఉండేది. 32 ఎంబీ మెమరీలోకి పాటల్ని ముందే తెచ్చిపెట్టుకోవడం వల్ల కుదుపుకి పాట ఆగకపోయినా డిస్క్‌కి మాత్రం దెబ్బే. 2005లో వచ్చిన నానో లాంటి ఫ్లాష్ మెమరీ ప్లేయర్లకి ఆ భయం లేదు. ఫోన్లకి ఇంకో భయం ఉంది. శక్తిమంతమైన మోటార్‌సైకిల్ ఇంజిన్ల కంపనాలు ఐఫోన్ కెమెరాలోని స్థిరీకరణ భాగాల్ని దెబ్బతీయవచ్చని 2021లో యాపిలే హెచ్చరించింది. వాడాల్సిన వాతావరణానికి ఆ సంస్థ చెప్పే హద్దు 35 డిగ్రీలు. మే నెలలో మన దగ్గర నీడలోనే అది దాటిపోతుంది, ట్యాంక్ బ్యాగ్ మీది ప్లాస్టిక్ కవర్ కింద ఎంత ఉంటుందో చెప్పక్కర్లేదు. ఎండకి ఫోన్ ముందు చార్జింగ్ ఆపేస్తుంది, తర్వాత తానే ఆగిపోతుంది. పాటలకి విడిగా ఒక పాత ప్లేయర్ ఉంటే దాన్ని మెత్తటి గుడ్డలో చుట్టి, ఇంజిన్‌కి దూరంగా సైడ్ బాక్స్‌లో పెట్టి, కేబుల్ మాత్రం బయటికి తెచ్చుకోండి. కేబుల్ బాక్స్ మూతలో నలగకుండా అంచుకి గ్రోమెట్ అనే రబ్బర్ రింగు వేయించండి. తెగిన ఎర్త్‌లు ఎక్కువగా దొరికేది అక్కడే.